మునగని గిన్నె

"ఎత్తినవా, దించినవా?"

గుర్వమ్మ ఈ మాట అడగడం ఇది మూడోసారి.

"దించిన అక్కా. నా గొర్ల మీద ఒట్టు. దించిన."

బీరన్న షెడ్డు వసారాలో నేల మీద కూర్చున్నాడు. కూర్చున్నాడనడం కూడా తప్పే. నడుము దగ్గర విరిచిపెట్టినట్టు ముందుకు ఒంగి, మోకాళ్ళ సందులోంచి నేలను చూస్తున్నాడు. ముప్పై ఎనిమిదేళ్ళ మనిషి. మర్రిగూడ ఫ్లోరైడు బోరు నీళ్ళు పుట్టినప్పటి నుంచి తాగితే ఎముకలు ఏమవుతాయో తెలియాలంటే పుస్తకాలు తిరగెయ్యక్కర్లేదు, బీరన్నను చూస్తే చాలు. చేతులకు బేడీలు. నిలబడి ఆకాశం చూడలేనివాడికి బేడీలెందుకని అడిగితే ఎస్సై శివకృష్ణ "రూలు మేడం" అన్నాడు. రూలట! ఆ నీళ్ళు తాగించినన్నాళ్ళు ఏ రూలు పడుకుందో మరి.

గుర్వమ్మది మోత్కూరు. పోలీసుల్లో ముప్పై ఏళ్ళు చేసి హెడ్ కానిస్టేబులుగా దిగిపోయింది. తొందరపడి మూసేస్తున్న కేసు ఏదైనా ఉండి, ఎవరైనా వచ్చి కాళ్ళావేళ్ళా పడితే, ఇప్పటికీ సంచి భుజాన వేసుకుని బయలుదేరుతుంది. ఈసారి వచ్చి ఏడ్చింది బీరన్న పెళ్ళాం పుష్ప.

కేసు ఇదీ. మొన్న సోమవారం మధ్యాహ్నం, ఈ షెడ్డులోనే, గడియారాలు రిపేరు చేసే మెహమూద్ చనిపోయాడు. వయసు నలభై ఒకటి. పోస్టుమార్టం చేసిన డాక్టరు వయసు దగ్గర ఎనభై అని రాశాడు, కొట్టేశాడు, మళ్ళీ ఎనభై అనే రాశాడు. తల, గడ్డం మొత్తం తెలుపు. గోళ్ళు వేలెడు పొడుగు. ఒంటి మీద దెబ్బ లేదు, కడుపులో విషం లేదు. పొద్దున నల్లని జుట్టుతో కుర్చీలో కూర్చున్న మనిషి మధ్యాహ్నానికి ముసలివాడై చచ్చిపోయాడు.

ఆ కుర్చీ ముందు ఉన్నది గడియతూము.

మెహమూద్ ఏడేళ్ళు కూర్చుని కట్టిన యంత్రం అది. ఇత్తడి చట్రం, రాగి తీగ చుట్లు, నడిమధ్య పళ్ళెమంత అద్దం, పక్కన ఇనుప పిడి. చెరువు తూము ఎత్తితే నిలిచిన నీళ్ళు కదిలినట్టు, ఈ పిడి ఎత్తితే ఆ జాగాలో నిలిచిపోయిన కాలం కదిలి వస్తుంది. కూర్చున్నవాడు ఏ పూటను మనసులో పట్టుకుంటే ఆ పూట అద్దంలో కనిపిస్తుంది. ఒక్క గడియ, అంటే ఇరవై నాలుగు నిమిషాలు, ఏమీ కాదు. గడియ దాటిందా, కూర్చున్నవాడి ఒంట్లోంచే కాలం కారిపోవడం మొదలవుతుంది. మెహమూద్ నోటుబుక్కులో ఇది ఎర్ర సిరాతో రాసి ఉంది.

చిక్కేమిటంటే, యంత్రం నడిచేటప్పుడు దాని దగ్గర ఏ గడియారమూ నడవదు. ఫోన్లు కూడా నిలిచిపోతాయి. నీళ్ళు మాత్రం ఎప్పటిలాగే పారుతాయి. అందుకని ఆయన వెనకటివాళ్ళ గడియ గిన్నె పెట్టాడు. అడుగున సన్న బెజ్జం ఉన్న రాగి గిన్నె. తొట్టి నీళ్ళలో వదిలితే బెజ్జంలోంచి నీళ్ళెక్కి, సరిగ్గా గడియకు మునుగుతుంది. మునగ్గానే దారం లాగుతుంది, చీల ఊడుతుంది, పిడి దానంతటదే కిందపడి యంత్రం ఆగుతుంది, గంట మోగుతుంది.

సోమవారం గంట మోగలేదు. పిడి మీద బీరన్న చేతి ముద్ర పడి ఉంది. పోలీసులకు అదే చాలు.

"అయితే నువ్వు లోపలికెందుకు పోయినవ్?" గుర్వమ్మ అడిగింది.

"గంట మోగలే గదా అక్కా."

"మోగకపోతే నీకెట్ల తెలుస్తది? నీకు గడియారం లేదు, ఫోను లేదు."

బీరన్న మొదటిసారి మెడ కాస్త పక్కకు తిప్పి ఆమె మొహం చూడబోయాడు. గడ్డం దాకా చూడగలిగాడు.

"గొర్లున్నయ్ గద. రోజూ పగటిపూట గీ షెడ్డు ముంగట్నుంచే తోల్త. భాయి పిడి ఎత్తితే బుయ్యిమని సప్పుడొస్తది. గొర్లు ఆడ బయట తొట్లె నీళ్ళు తాగి, నీడకు పండి, గప్పుడే నెమరు మొదలువెడ్తుంటే గంట మోగేది. ఎప్పుడు జూసినా గదే లెక్క. గీ నడుమ తేడా గొట్టింది. గొర్లు నెమరేసుడు అయిపోయి లేస్తున్నా గంట లేదు."

"సోమవారం ఒక్కరోజేనా?"

"కాదక్కా. పదిహేను, ఇరవై దినాల సంది. రోజింత, రోజింత లేటు. సోమారం అయితే గొర్లు లేసి గట్టు మీదికి పోయినయ్. సప్పుడు మాత్రం బంద్ గాలె. నాకు బుగులైంది. ఉరికిన. భాయి కుర్చీల... భాయి కాడు అక్కా గాయన. ఎవరో తాత గూసున్నట్టుంది. పిడి పట్టి కిందికి గుంజిన."

అతని మెడ మళ్ళీ నేల వైపు వాలింది.

"మంచి కథ" అన్నాడు వెనక నుంచి ఒకడు.

బెంజమిన్. ముందు ఏదో ల్యాబులో పనిచేసి, ఇప్పుడు జిల్లా పోలీసులకు సలహాదారుగా తిరుగుతున్నవాడు. మంచి తెలివి ఉంది, కాని తెలివి తనకొక్కడికే ఉందని ఇంకా పెద్ద నమ్మకం ఉంది. గుర్వమ్మ సర్వీసులో ఉండగా రెండు కేసుల్లో ఆమె మాట కొట్టేశాడు. ఒకదాంట్లో అతనిదే రైటు. ఆ సంగతి ఇద్దరూ మర్చిపోలేదు.

"గొర్రెలు చెప్పిన టైము కోర్టులో చెల్లదు, గుర్వమ్మగారూ."

"ముద్ర పిడికి పైన ఉందా, కింద ఉందా?"

"పైన అరచెయ్యి పడింది."

"బకెట్ ఎత్తేటప్పుడు నువ్వు చెయ్యి పైన పెడతవా బెంజమినూ? పైన పెట్టి నొక్కితే దిగుతది. ఎత్తాలంటే కిందికెళ్ళి పట్టాలె."

బెంజమిన్ తడుముకోలేదు. "చచ్చిపోయేదాకా ఎత్తి పట్టుకున్నాడు. చచ్చాక దించాడు. కింది ముద్రలు తుడిచే తెలివి ఉంది, పైవి మర్చిపోయాడు. దానికి ముందు వారమే హోటల్ దగ్గర పదిమందిలో మెహమూద్ మీద అరిచాడు. ఏమని? 'నన్ను కూసోనియ్యకుంటే నువ్వెట్ల కూసుంటవో చూస్త' అని. అన్నావా లేదా?"

"అన్న సారూ" అన్నాడు బీరన్న నేలతో. "ఒక్కపాలి ఆ మిషన్ల కూసుంట అన్న, బతిలాడిన. భాయి వద్దన్నడు. 'ఇది మంచిది గాదు బీరన్నా, నేను సుత ఆపలేక చేస్తున్న' అన్నడు. కోపమొచ్చి అన్న."

"విన్నారా. సరే, వాదన అనవసరం. అద్దమే చెప్తుంది." బెంజమిన్ చేతిలో సీలు వేసిన సంచి ఉంది. లోపల రాగి గిన్నె. "పన్నెండింటికి యంత్రం నడుపుతున్నాం. బేడీలు తీసి వీడినే కూర్చోబెడతాను. సోమవారం మధ్యాహ్నాన్ని మనసులో పట్టుకుంటాడు. వెనక నిలబడి నేనూ ఎస్సైగారూ చూస్తాం."

"ఆ గిన్నె నేను చూడాలె."

"సాక్ష్యం. మీరు రిటైరయ్యారు."

"నీళ్ళు ఎక్కుతున్నయో లేదో టైము పెట్టి చూసినవా?"

"అదే గిన్నె, అదే తొట్టి, అదే దారం. పిడి తప్ప లోపల ఒక్క వస్తువు మీద కూడా కొత్త ముద్ర లేదు. ఎవరూ దేన్నీ ముట్టలేదు. ముట్టని గిన్నె చెడిపోతుందా?"

"ఆపు బెంజమిన్. గంట రోజురోజుకు లేటైందంటుండు—"

"వాడే అంటున్నాడు!"

"నేను కూసుంట అక్కా." బీరన్న నేలకేసి చూస్తూనే అన్నాడు. "దాంట్ల కనిపిస్తది గద నేను చేయలేదని. నన్ను కూసోనియ్యుండ్రి. పుష్ప సుత సూస్తది, ఊరంత సూస్తది."

కావాలని ఎదురుపోతున్నవాడిని ఎట్లా ఆపుతావు? బయట అప్పటికే ఊరు పోగవుతోంది. కర్రల ఊతం మీద, గోడల ఊతం మీద, ఒకరి భుజం ఒకరు పట్టుకుని వస్తున్నారు. గుర్వమ్మ చేతి గడియారం చూసుకుంది. పదకొండూ యాభై. షెడ్డు ఎదురుగా, ముప్పై అడుగుల అవతల, మెహమూద్ ఇల్లు. అతని భార్య దగ్గరకు నడిచింది.

ఖాదర్‌బీ గడప లోపల గోడకు ఆనుకుని కూర్చుంది. గుర్వమ్మను చూసి లేవబోయింది.

"కూసో చెల్లె. ఎండ పడి వచ్చిన, జర నీళ్ళియ్యి."

ఖాదర్‌బీ లేచింది. పొయ్యి పక్కన పీట మీద మూత పెట్టిన స్టీలు బిందె ఒకటి. దాని మూత తీసి, గ్లాసును కొంగుతో రెండుసార్లు తుడిచి, అర గ్లాసు ముంచి ఇచ్చింది. ఒక్క చుక్క కింద పడనివ్వలేదు. గుర్వమ్మ తాగింది. కాళ్ళు కడుక్కుంటానని వాకిట్లో బోరు నీళ్ళు పట్టిన నీలం డ్రమ్ము దగ్గరకు పోయింది. డ్రమ్ము అంచు చుట్టూ సున్నం కొట్టినట్టు తెల్లని పొర. వేలితో గీరితే రాలేదు, గోరుతో గీరితే పొలుసుగా ఊడింది.

ఎదురుగా షెడ్డులోంచి చప్పుడు మొదలైంది. తేనెటీగల తుట్టె కదిలినట్టు. టైము సరిగ్గా పన్నెండు.

గుర్వమ్మ వచ్చి ఖాదర్‌బీ ఎదురుగా కూర్చుంది. "మెహమూద్ రోజూ ఏం చూసేటోడు దాంట్ల?"

"షగుఫ్తాను."

పేరు చెప్పి గ్లాసు బిందె పక్కన బోర్లించింది. "మా బిడ్డ. పోయి రెండేండ్లయితాంది. తొమ్మిదేండ్లు. ఆ షెడ్డులనే ఆడేది, ఆయన పానాలు, స్క్రూలు అన్నీ వరుసగ పేర్చేది. కాళ్ళు ఇట్ల... విల్లు తీరు అయిపోయినయ్. తర్వాత లేవనే లేదు. ఆయన ఏ దవాఖాన వదిలిండు అక్కా! నల్గొండ, హైదరాబాద్, అన్నీ తిరిగె. ఏడేండ్ల సంది గా మిషన్ ఎందుకు కట్టిండు అనుకున్నవ్? కాలం ఎన్కకు తెచ్చి బిడ్డ కాళ్ళు సక్కగ చేద్దామని కట్టిండు. అది అయ్యేసరికి బిడ్డ లేదు. ఇగ చూసుకునుడే మిగిలింది."

"నువ్వు చూసినవా ఎప్పుడన్న?"

"లే. నేను చూస్తే మళ్ళ వంట చేస్తనా, ఊడుస్తనా? ఆయన చూసి లేచి వస్తే మొహం చూసేదాన్ని. నాకు అదే చాలనిపించేది."

"ఈ మధ్య ఆయనల తేడా కనిపించిందా?"

"చెంపల కాడ జుట్టు జర తెల్లబడె. ఫికర్‌తోని అనుకున్న. ఇంకొకటి... ఎవరికీ చెప్పలే. ఆయన మెడ పదేండ్ల సంది తిరగదు అక్కా. పిలిస్తే మనిషంత తిరగాల్సిందే. మంగళవారం దఫన్ చేసేటప్పుడు మా తమ్ముడు ఖబర్ల దిగి మొహం కిబ్లా దిక్కు తిప్పిండు. 'ఆపా, బావ మెడ అల్కగ తిరిగింది, పిల్లగాని మెడ తీరు' అని ఏడ్చిండు. సావు గిట్ల సడలిస్తదా?"

గుర్వమ్మ చెయ్యి తిప్పి చూసుకుంది. గడియారం పన్నెండూ పదహారు.

"తొట్టిల నీళ్ళు ఎవరు పోసేది?"

"నేనే. రోజూ మార్చేదాన్ని. మిషన్ వేడికి నీళ్ళు కాగినట్టు అయితయ్."

"ఏ నీళ్ళు చెల్లె?"

ఖాదర్‌బీ కళ్ళు పీట మీది బిందె వైపు పోయి, వెంటనే కిందికి వచ్చాయి.

"నల్లా వచ్చినన్ని రోజులు నల్లా నీళ్ళే. మెయిన్ పైపు పలిగింది గద, పద్దెనిమిది దినాలు రాలె. క్యాన్ నీళ్ళు తెచ్చుకున్నం. రోజుకు ఒక్క బిందె. ఆయన అన్నడు, గిన్నెకు మంచి నీళ్ళే పొయ్యి, బోరుయి పొయ్యకు అని."

"పోసినవా?"

"ఎట్ల పోస్త అక్కా?" ఆమె గొంతు ఒక్కసారిగా లేచింది. "మనుషులకు లేని మంచి నీళ్ళు ఇనుముకు పొయ్యాల్నా? బిడ్డ నోట్ల పోద్దామంటే దొరకలే గప్పుడు! నేను బిందె వంచిన. ఒట్టు, వంచిన. చెయ్యి రాలె. బోరు నీళ్ళు పోసిన. ఆయనకు చెప్పలే. నీళ్ళు నీళ్ళే గద, మిషన్‌కు ఏం తెలుస్తది అనుకున్న."

"మరి మిగిలిన మంచి నీళ్ళు?"

"ఆయన కుర్చీల నుంచి లేసి వస్తడు గద. చాయ పెట్టేదాన్ని."

గుర్వమ్మ వేళ్ళ మీద లెక్కేసింది. పద్దెనిమిది రోజులు. కాగే బోరు నీళ్ళు. డ్రమ్ము అంచుకు పట్టినట్టే బెజ్జానికి పట్టింది పొర. రోజింత, రోజింత. బెజ్జం పూడుకున్నకొద్దీ నీళ్ళు నెమ్మదిగా ఎక్కాయి, గిన్నె ఆలస్యంగా మునిగింది, ఆ ఆలస్యమంతా మెహమూద్ ఒంట్లోంచి పోయింది. చంపినవాడు ఎవడూ లేడు. బిందె మంచి నీళ్ళ కోసం పుట్టినప్పటి నుంచి కాపలా కాసిన ఆడమనిషి ఒకతి ఉంది. ఈ నేలలో ఏ ఆడమనిషైనా అదే చేసేది, గుర్వమ్మ అయినా అదే చేసేది. ఈ మాట ఈమెకు చెప్పాలా? చెప్పకుండా బీరన్నను విడిపించే దారి ఉందా?

గడియారం పన్నెండూ ఇరవై తొమ్మిది.

ఎదురుగా చప్పుడు ఇంకా నడుస్తూనే ఉంది.

గుర్వమ్మ మోకాళ్ళు మంచివి కావు. అయినా ఉరికింది. గుమిగూడినవాళ్ళను తోసుకుంటూ, తిట్లు తింటూ, షెడ్డు తలుపు భుజంతో నెట్టింది.

"దించుండ్రి! పిడి దించుండ్రి!"

బెంజమిన్, ఎస్సై కుర్చీ వెనక నిలబడి అద్దంలోకి ఒంగి ఉన్నారు. ఇద్దరి కళ్ళూ అద్దానికి అతుక్కుపోయాయి. కుర్చీలో ఉన్నవాణ్ణి ఒక్కరూ చూడటం లేదు. బీరన్న గడ్డం సగం తెల్లబడింది. గోళ్ళు కుర్చీ చేతులను గీకుతున్నాయి.

"గిన్నె ఇంకా మునగలేదు!" బెంజమిన్ తల తిప్పకుండా చెయ్యి అడ్డం పెట్టాడు. "గడియ కాలేదు, దూరం జరగండి!"

గుర్వమ్మ అతని చెయ్యి కింద నుంచి దూరి తొట్టి దగ్గర పడింది. వేడి నీళ్ళలో రాగి గిన్నె సగం నీళ్ళతో తాపీగా తేలుతోంది. రెండు చేతులతో పట్టి అడుక్కంటా ముంచేసింది. దారం లాగింది. పిడి దబ్బున పడింది. గంట మోగింది.

"సాక్ష్యం నాశనం చేశావ్!" బెంజమిన్ అరిచాడు. "నిన్ను లోపలేయిస్తాను, ముసలిదానా!"

"ముందు వాని మొహం చూడు."

బెంజమిన్ చూశాడు. గుర్వమ్మ గిన్నె బోర్లించి అతని మొహం ముందు పెట్టింది. అడుగున తెల్లని పెచ్చు. బెజ్జం సూది మొన అంత మిగిలింది.

"ఎవరూ ముట్టలేదన్నవ్. నీళ్ళు ముట్టినయ్. పద్దెనిమిది రోజులు బోరు నీళ్ళు. నా గడియారంల ఇరవై తొమ్మిది దాటింది, నీ గిన్నె ఇంక సగమే నిండింది. గొర్ల లెక్కనే రైటు."

అన్నాక తిరిగి చూసింది. గుమ్మంలో ఖాదర్‌బీ నిలబడి ఉంది. వెనకే వచ్చినట్టుంది. అంతా విన్నది. గిన్నె వైపు, తన రెండు అరచేతుల వైపు మార్చి మార్చి చూసుకుంటోంది. ఏడవడం లేదు. ఏడిస్తే బాగుండుననిపించింది గుర్వమ్మకు.

"వదినా." కుర్చీలోంచి బీరన్న గొంతు. బొంగురుపోయి, పెద్దవాడి గొంతులా ఉంది. "వదినా, గట్ల చూసుకోకు. భాయికి తెలుసు."

ఆమె తల ఎత్తింది.

"సోమారం కనిపించింది. భాయి కూసునే ముంగట గిన్నె తీసి ఎండకు పెట్టి చూసిండు. బెజ్జం చూసిండు. గోటితోని జర గీకిండు. ఆపిండు. నీ ఇంటి దిక్కు ఒకపాలి చూసి, మళ్ళ గట్లనే నీళ్ళల్ల పెట్టిండు. నవ్విండు వదినా. బిడ్డతోని ఇంకింత సేపు ఉండొచ్చని."

ఎస్సై శివకృష్ణ టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. బెంజమిన్ గోడ వైపు తిరిగాడు. "నేనూ చూశాను" అన్నాడు. "ఇతను ఆ తర్వాతే పరిగెత్తుకుంటూ వచ్చాడు. పిడి దించాడు. రిపోర్టులో రాస్తాను." పోయే ముందు గుర్వమ్మ కళ్ళలోకి చూడలేకపోయాడు.

ఖాదర్‌బీ గుమ్మంలోనే కుప్పకూలింది. "చెప్పొచ్చు గద" అంది. "నాకొక్క మాట చెప్పొచ్చు గద అయ్యా. నేను కడిగి పెట్టకపోదునా." అదే మాట మళ్ళీ అంది, మళ్ళీ అంది. గుర్వమ్మ గిన్నె తొట్టి అంచున పెట్టి, ఆమె పక్కన నేల మీద కూర్చుని చెయ్యి పట్టుకుంది.

అప్పుడు లేచాడు బీరన్న.

కుర్చీ చేతుల మీద బరువు పెట్టి, అలవాటుగా ముందుకు ఒంగి లేవబోయాడు. నడుము ఒంగలేదు. నిటారుగా లేచాడు. ఇంకా లేచాడు. గుమ్మం దాకా నడిచేసరికి తల పోయి తలుపు పైకమ్మికి ఠక్కున తగిలింది. అంత ఎత్తున తనకు తల ఉంటుందని అతనికి తెలియదు పాపం. దెబ్బ తగిలినచోట రుద్దుకుంటూ, ఏమైందో అర్థం కాక, వసారాలోకి అడుగుపెట్టి మెడ వెనక్కి వంచాడు. ఆకాశం చూశాడు. నోరు తెరుచుకుని చూస్తూనే ఉండిపోయాడు. తెల్లబడిన గడ్డం గాలికి కదులుతున్న సంగతి అతనికింకా తెలియదు. పుష్పకు తెలిసింది. కేక పెట్టి, కొంగు నోట్లో కుక్కుకుంది.

ఊరు మాత్రం గడ్డం చూడలేదు. నడుము చూసింది.

గుర్వమ్మకు మెహమూద్ మెడ గుర్తొచ్చింది: కారిపోయే ఏళ్ళతో పాటు ఎముకల్లో గడ్డకట్టిన బోరు నీళ్ళ విషమూ పోతుంది. అప్పుడే కర్రల చప్పుడు. యాభై అరవై కర్రలు ఒక్కసారే నేల మీద కదిలిన చప్పుడు. అందరూ షెడ్డు వైపే వస్తున్నారు.

"తలుపెయ్యి!" గుర్వమ్మ ఎస్సై మీద అరిచింది. "శివకృష్ణా, తలుపెయ్యి! ఆ గిన్నె నాకియ్యి, రాయితోని కొట్టి బెజ్జం తెరుస్త!"

తలుపు పడలేదు. సందులో ఒక కర్ర అడ్డం పడింది. కర్ర పట్టుకున్నది జానమ్మ. యాభై కూడా నిండని మనిషి, నడుము నేలకు సమంగా ఒంగిపోయి, మొహం ఎత్తలేక, గుర్వమ్మ కాళ్ళకేసి చూస్తూ మాట్లాడింది. బెదిరింపు లేదు. సంతలో బేరమాడినంత మామూలుగా అడిగింది.

"ఏండ్లు పోతే పోనీ అక్కా, ఉంచుకోని ఏం జేస్త? ఒక్కదినం సక్కగ నిలవడి నా బిడ్డల మొహాలు సూడాలె. జర దయజూడు. గా గిన్నె కడగకుండ్రి."